వాడేవాళ్ళు సున్నా

గణపవరం అవతల, కాలువ గట్టు మీద కాటా.
దాళ్వా ధాన్యం ట్రాక్టర్లు పదకొండు
ఒకదాని తోక ఒకటి పట్టుకుని నిలబడ్డాయి.
పడమటేపు మబ్బు దిగుతోంది.
రేకుల గదిలో, తెర మీద తెల్లటి చిన్న పెట్టె,
అందులో ఎర్ర గుండ్రం, గుండ్రంలో ఇంటూ:
ఫలానా ఫైలు దొరకలేదు. మొదలెట్టలేను.

"పోయిందండి, కొత్తది కొనాల్సిందే"
అన్నారు కాటా బుల్లిరామయ్య గారు,
అప్పటికే మూడుసార్లు కరెంటు తీసి పెట్టి,
ఓసారి దాని నెత్తిన గట్టిగా మొట్టి.
"పోలేదండి" అన్నాను, చేతులు చున్నీకి తుడుచుకుంటూ.
"కంప్యూటరు బానే ఉంది. కాటా ప్రోగ్రామూ బానే ఉంది.
అది పిలిస్తే పలకాల్సినోడు
పలకడం లేదు. అంతే."

ఏ ప్రోగ్రామూ అన్ని పనులూ తనే చేసుకోదు.
తెర మీద అంకెలు గీయడానికొకటి,
ప్రింటరుతో మాట్లాడ్డానికొకటి,
కాటా కింది వైరులోంచి బరువు చదవడానికొకటి,
ఉమ్మడి ఫైళ్ళు.
ఒక బోదె, పది చేలు.
ఎవరి బోదె వాళ్ళు తవ్వుకుంటే
ఊళ్ళో గట్లే మిగులుతాయి, మడి మిగలదు.

"రాత్రి ఎవరైనా ఏదైనా తీసేశారా?"
కాపలా కుర్రాడు ఏసేబు గోడకేసి చూశాడు.
చోటు చాలట్లేదని
పాత ప్రోగ్రామొకటి తీసేశాడట.
పోతూ పోతూ అది అడిగిందట:
ఈ ఉమ్మడి ఫైలు ఇంకెవరూ వాడుతున్నట్టు లేదు, తీసెయ్యనా?
మర్యాదగా అడిగింది కదా అని
అవునన్నాడు.

తప్పు వాడిది కాదు.
లోపలికొచ్చిన ప్రతి ప్రోగ్రామూ పేరు రాయిస్తే
ఆ ఫైలు పక్కన ఒకటి కలుస్తుంది,
వెళ్ళిపోతే ఒకటి తగ్గుతుంది.
సున్నా అయిన రోజున ఆ ప్రశ్న.
ఈ కాటా ప్రోగ్రామేమో దొడ్డిదారిన వచ్చింది.
ఆరేళ్ళ కిందట ఎవరో పెన్‌డ్రైవులో తెచ్చి
పడేసిపోయారు.
రోజూ ఆ నీళ్ళే తాగుతోంది. లెక్కలో లేదు.

ఫైలు పేరు ఇంటర్నెట్లో కొడితే
ఊరికే ఇస్తామని వంద చోట్ల పచ్చ బాణాలు.
బుల్లిరామయ్య గారు వేలు పెట్టబోయారు.
"ఆగండి. గట్టున దొరికిన విత్తనాల మూట
నారుమడిలో చల్లుతారా?"

సొరుగులో, అగరొత్తుల డబ్బా కింద
కాటా కొన్ననాటి సీడీ.
మూడోసారికి తిరిగింది.
పేరొకటే అయితే చాలదు, వయసూ కలవాలి;
ముప్పైరెండు బిట్లది అరవైనాలుగు ఇంట్లో పెడితే
ఎదురుగా ఉన్నా కనబడలేదంటుంది.
ఒకటి పెట్టాను, ఇంకోటి లేదంది.
లాకు ఎత్తితే కింద తూము,
తూము తీస్తే దాని నోట్లో గుర్రపుడెక్క.
చివరికి మొత్తం తీసేసి
వీధి గుమ్మంలోంచి మళ్ళీ తెచ్చాను,
పేరు రాయించి.
లెక్క ఒకటైంది.

రేకుల మీద మొదటి చినుకులు.
ట్రాక్టర్లు కదిలాయి.
ఇందాకట్నుంచి "ఇంకెంతసేపమ్మా" అని అరుస్తున్న మనిషిది
మూడోది. బరకం సర్దుకుంటూ కిటికీ దగ్గరికొచ్చాడు.
రైతు పేరు అని తెర అడిగితే
తణుకులో ఉండే ఎవరో రాజుగారి పేరు
తడుముకోకుండా చెప్పాడు.
"మీ పేరో?"
"గుబ్బల ఏడుకొండలు. అది ఎందులోనూ ఉండదులెండి,
పదహారేళ్ళ నుంచీ కౌలే."

నా దగ్గర దానికి సీడీ లేదు.

వెళ్ళేముందు తెర అంచున ఓ కాగితం అంటించాను:
ఎవరూ వాడటం లేదని అడిగితే
నమ్మొద్దు. ముందు ఫోన్ చెయ్.
ఏసేబు పైకి చదువుకున్నాడు, రెండుసార్లు.
ఏడుకొండలు చీటీ మడిచి, తడవకుండా
తలపాగాలో దోపుకున్నాడు.
అందులో
నికర బరువు మాత్రం సరిగ్గానే పడింది.